దసరాకు మీరు ఎవరికి బొరుగుల పొట్లం ఇచ్చారు?

కుట్టుమిషను అక్క (కొర్లగుంట, తిరుపతి)
శనివారం, మధ్యాహ్నం 12:40

అందరికీ విజయదశమి శుభాకాంక్షలు.

నిన్న మా ఇంట్లో ఆయుధపూజ. మిషను తుడిచి, నూనె వేసి, పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి చామంతి దండ వేశాను. కత్తెర, టేపు, ఇస్త్రీపెట్టె పక్కన పేర్చాను. మా చిన్నోడు ఏడో తరగతి. పక్కనే నిలబడి అంతా చూశాడు. "అమ్మా, మిషనుకు ఏమీ వినపడదు కదా, దానికి బొట్టెందుకు?" అని అడిగాడు. "ఏడాదంతా మనకు అన్నం పెట్టింది నాన్నా. ఈ ఒక్కరోజు దాన్ని తొక్కకుండా కూర్చోబెట్టి మర్యాద చేయాలి" అన్నాను. వాడు అంతటితో వదల్లేదు. "మరి అది ఆగిపోయినప్పుడల్లా వచ్చి బాగు చేసేది భాయ్ కదా. ఆయనకేం చేశావు?" అన్నాడు.

నా దగ్గర జవాబు లేదు. రాత్రంతా అదే ఆలోచన.

పోయిన జూన్‌లో బడులు తెరిచే ముందు నలభై జతల యూనిఫాంలు ఒప్పుకున్నాను. ఇంకో రెండు రోజుల్లో ఇవ్వాలి. రాత్రి తొమ్మిది గంటలకు మిషను బిగుసుకుపోయింది. చక్రం తిరగదు, సూది కదలదు. నాకు ఏడుపొక్కటే తక్కువ. ఫోన్ చేస్తే భాయ్ వానలో తడుస్తూ వచ్చారు. అప్పుడే కరెంటు కూడా పోయింది. మా చిన్నోడు టార్చి పట్టుకున్నాడు, ఆయన మిషను మొత్తం విప్పారు. లోపల దారపు పోగు ఒకటి చుట్టుకుపోయి ఉంది. పదకొండుకు మిషను మళ్ళీ పాడింది. ఆయన యాభై రూపాయలు తీసుకుని వెళ్ళిపోయారు. పని టెన్షన్‌లో ఉన్న నేను ఆయన్ను గుమ్మం దాకా కూడా సాగనంపలేదు.

అందుకే ఈరోజు పొద్దున అలసందల గుగ్గిళ్ళు స్టీలు డబ్బాలో పెట్టుకుని, బొరుగులు, వేయించిన పప్పులు, బెల్లం, కొబ్బరిముక్క పొట్లం కట్టుకుని వాళ్ళింటికి వెళ్ళాను. నన్ను చూడగానే ఆయన చెప్పులేసుకుని, పనిముట్ల సంచీ భుజాన వేసుకున్నారు. "మళ్ళీ ఆగిందా అక్కా?" అన్నారు. "ఆగలేదు భాయ్, బాగా నడుస్తా ఉంది, అందుకే వచ్చినాను" అన్నాను. ఆయన ఆ సంచీ దించడానికి ఎంతసేపు పట్టిందో చెప్పలేను.

మీరూ రాయండి. ఈ దసరాకు దేనికి బొట్టు పెట్టారు? ఆ వస్తువు వెనక ఉన్న మనిషి ఎవరు?

---

ఘాట్‌రోడ్డు (తిరుపతి)
శనివారం, మధ్యాహ్నం 1:25

అక్కా, మీ మాట చదివి డ్యూటీ దిగి వచ్చి రాస్తున్నాను. నేను కొండ బస్సు నడుపుతాను. పద్నాలుగేళ్ళయింది.

బ్రహ్మోత్సవాలు ఈ రోజు చక్రస్నానంతో ముగిశాయి. మంగళవారం గరుడసేవ. ఆ రోజు ఘాట్‌లో బైకులను వదలరు కాబట్టి జనమంతా బస్సులకే వస్తారు. దించడం, ఎక్కించుకోవడం, మళ్ళీ ఎక్కడం. కొండ ఎక్కే దారి వేరు, దిగే దారి వేరు. దిగే దారి 1944 నాటిది, ఎక్కే దారి 1974లో వచ్చింది. దిగేటప్పుడు మలుపుల్లో బస్సు బరువంతా బ్రేకు మీదే ఉంటుంది.

నేను మలుపులో బ్రేకు మీద కాలు పెడతాను. అది పడుతుందా లేదా అన్న అనుమానం నాకు ఈ పద్నాలుగేళ్ళలో ఒక్కసారి కూడా రాలేదు. అది రాకుండా చూసింది గ్యారేజీలో రాత్రి షిఫ్టు చేసే ఒకాయన. బస్సు కింద పడుకుని, వంటి నిండా గ్రీజుతో, ప్రతి నట్టునూ చేత్తో తడిమి చూస్తాడు. ప్రయాణికులు దిగేటప్పుడు నాకు దండం పెడతారు. ఆయన వాళ్ళకు కనపడనే కనపడడు.

నిన్న డిపోలో బస్సులకు అరటి బోదెలు కట్టి, మామిడాకులు, పూలదండలు వేసి పూజ చేశాము. గుమ్మడికాయ కొట్టేటప్పుడు ఎప్పుడూ డ్రైవర్లను ముందుకు పిలుస్తారు. ఈసారి నేను ఆయన్ను చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాను. "నా చేతులకు గ్రీజుంది అబ్బయ్యా" అన్నాడు. "ఆ గ్రీజు చేతుల్తోనే కొట్టన్నా" అన్నాను. కొట్టాడు. ఒక్క దెబ్బకు నాలుగు ముక్కలు.

---

చిత్తూరు చిన్నోడు
శనివారం, మధ్యాహ్నం 1:50

మా అమ్మ మిక్సీకి బొట్టు పెట్టింది, గ్రైండరుకు పెట్టింది, చివరికి పెరట్లో మూలనున్న రోలుకు కూడా పెట్టింది. ఆ రోలు వాడి పదేళ్ళు దాటింది. "ఇదెందుకమ్మా?" అంటే, "మీ అవ్వను, నన్ను, నిన్ను పెంచింది ఇదేరా. పని మానేసినంత మాత్రాన మర్యాద మానేస్తామా" అంది.

నేను వెంటనే వెళ్ళి మా తాత కాళ్ళకు దండం పెట్టి వచ్చాను.

---

తెలుగు అయ్యవారు (చంద్రగిరి)
శనివారం, సాయంత్రం 4:10

చిన్నోడా, నీ చివరి మాట చదివి చాలాసేపు నవ్వుకున్నాను, కళ్ళు తుడుచుకున్నాను కూడా.

ముప్పై మూడేళ్ళు తెలుగు చెప్పినవాణ్ణి కాబట్టి ఒక మాట చెప్పాలనిపిస్తోంది. "ధన్యవాదాలు" అనేది సభల్లో మైకు ముందు బాగుంటుంది. పెళ్ళి కార్డు మీద బాగుంటుంది. మా ఊళ్ళో ఎవరైనా నీళ్ళిస్తే తాగిన ముసలమ్మ ఎప్పుడైనా "ధన్యవాదాలు" అందా? "సల్లగా ఉండు నాయనా" అంటుంది. బరువు ఎత్తిపెడితే "నీకు పుణ్యముంటుంది కొడుకా" అంటుంది. అన్నం పెట్టిన ఇల్లాలిని "నీ కడుపు సల్లగుండ" అని దీవిస్తుంది. మందిచ్చి నయం చేసినవాణ్ణి "నీ చేతి చలవ" అని మెచ్చుకుంటుంది. ఎండ మండే సీమలో మేలు కోరాలంటే చల్లదనమే కోరుతారు. చల్లగా ఉండమనడం కన్నా పెద్ద దీవెన మా పల్లెల్లో నేను వినలేదు.

ఇప్పుడు నా సంగతి. మా ఊరి నుంచి చంద్రగిరి హైస్కూలుకు రోజూ ఐదు మైళ్ళ నడక. దారిలో ఒక అమ్మ పూరిపాకలో ఇడ్లీలు పోసేది. పొద్దున ఏమీ తినకుండా వెళ్ళే పిల్లలను మొహం చూసి కనిపెట్టేది. పిలిచి, ఆకులో రెండు ఇడ్లీలు పెట్టి చెనిక్కాయ పచ్చడి వేసేది. డబ్బుల్లేవంటే "ఉద్యోగం వచ్చినాక ఇద్దువులే" అనేది. నాకు 1979లో ఉద్యోగం వచ్చింది. మొదటి జీతంతో ఒక నేతచీర కొని దసరా రోజున తీసుకెళ్ళాను. నన్ను గుర్తుపట్టలేదు. ఎంతమందికి పెట్టిందో, ఎవరిని గుర్తుపెట్టుకుంటుంది? చీర చేతిలో పెడితే కాసేపు చూసి, "కూర్చో, ఇడ్లీ తిని పో" అంది. అప్పు తీర్చడానికి వెళ్ళి ఇంకో రెండు ఇడ్లీలు అప్పు పడి వచ్చాను.

ఆమె ఇప్పుడు లేదు. ఆ పాక ఉన్నచోట సెల్‌ఫోన్ల దుకాణం వచ్చింది. దసరా రోజు ఆ దుకాణం ముందు నుంచి నడిచి వెళ్తాను. ఈరోజు కూడా వెళ్ళొచ్చాను.

---

టొరంటోలో తిరుపతి పిల్ల
శనివారం, సాయంత్రం 6:30

నేను పుట్టి పెరిగింది చిత్తూరు గిరింపేట, చదివింది తిరుపతి. పెళ్ళయ్యాక కెనడా వచ్చాను.

అమెరికాలో థ్యాంక్స్‌గివింగ్ నవంబర్ నాలుగో గురువారం వస్తుంది, అది మీ అందరికీ తెలిసే ఉంటుంది. ఇక్కడ కెనడాలో మాత్రం అక్టోబర్ రెండో సోమవారం. పంటలు ఇంటికొచ్చే కాలమని అలా పెట్టుకున్నారు. ఈసారి మన దసరా 12న, వీళ్ళ పండగ 14న. మా ఆఫీసులో నిన్ననే అందరం తలా ఒక వంట తెచ్చుకుని కూర్చున్నాము. నేను పులిహోర తీసుకెళ్ళాను, గిన్నె ఖాళీ అయింది. తినే ముందు ఒక్కొక్కరు లేచి తాము ఎవరికి కృతజ్ఞతగా ఉన్నారో చెప్పాలి. నా వంతు వచ్చినప్పుడు మా పక్కింటి పంజాబీ పెద్దావిడ గురించి చెప్పాను. నా కాన్పప్పుడు అమ్మకు వీసా ఆలస్యమైతే ఇరవై రోజులు నాకు వేడివేడి రొట్టెలు, పప్పు తెచ్చిపెట్టింది. నాకు పంజాబీ రాదు, ఆమెకు తెలుగు రాదు. నేను ఏడిస్తే ఆమె కూడా ఏడ్చేది.

ఇంటికొచ్చాక మనసాగక చిత్తూరులో నాన్నకు ఫోన్ చేశాను. "నాన్నా, నన్ను చదివించినందుకు థ్యాంక్స్" అన్నాను. అటువైపు చప్పుడు లేదు. తర్వాత ఒకటే కంగారు. "ఏమైంది తల్లీ? వంట్లో బాగలేదా? అల్లుడుగారు ఏమన్నా అన్నారా? డబ్బులేమన్నా పంపించాలా?" అని. పది నిమిషాలు సర్దిచెప్పాల్సి వచ్చింది. ఫోన్ పెట్టేశాక అమ్మ మెసేజ్: "మీ నాన్న ఇంకా తిరుగుతూనే ఉన్నాడు హాల్లో. ఏమన్నావు?"

అందుకే అడుగుతున్నాను. ఇంట్లోవాళ్ళకు చెప్పొచ్చా, చెప్పకూడదా? చెప్తే ఎలా చెప్పాలి?

---

పాకాల పెద్దమ్మ
శనివారం, రాత్రి 7:15

చెప్పకూడదు తల్లీ. మీ నాయన భయపడింది న్యాయమే. సొంతవాళ్ళకు థ్యాంక్స్ అంటే లెక్క తేల్చేసినట్టుంటుంది. బస్సులో చిల్లర తీసుకున్నాక చెప్పే మాట అది. నేను నలభై ఏళ్ళు సంసారం చేశాను. మా ఆయన ఒక్కసారి కూడా ఆ మాట అనలేదు, నేనూ అనలేదు. సంతకు పోయి వస్తే నాకు ఇష్టమని మల్లెమొగ్గలు మూర తెచ్చి మంచం మీద పెట్టేవాడు. చెప్పేవాడు కాదు, పెట్టేసి వెళ్ళేవాడు. అది చాలదా?

---

రాత్రి డ్యూటీ (తిరుపతి)
శనివారం, రాత్రి 9:05

పెద్దమ్మగారూ, మీ మీద గౌరవంతోనే ఈ ఒక్క విషయంలో మీతో ఒప్పుకోలేకపోతున్నాను.

నేను నర్సును. వారంలో మూడు రాత్రులు ఆస్పత్రిలోనే. పోయేముందు మనుషులు మాట్లాడే మాటలు నేను చాలా విన్నాను. "మా ఆవిడకు ఒక మాట చెప్పాల్సింది సిస్టర్" అన్నవాళ్ళు ఎంతమందో. ఆవిడ బయట బెంచీ మీదే కూర్చుని ఉంటుంది. పిలుస్తాను. ఆమె లోపలికొస్తుంది. ఈయన "తిన్నావా?" అని అడుగుతాడు. అంతే. చెప్పాలనుకున్నది అదికాదని నాకు తెలుసు, ఆమెకూ తెలుసు.

మా ఇంట్లో సంగతి చెప్తాను. నాకు రాత్రి డ్యూటీ ఉన్న రోజు మా ఆయన సాయంత్రం ఆరున్నరకే ఫ్లాస్కులో కాఫీ పోసి, స్కూటరు ముందు బుట్టలో పెట్టేస్తాడు. తొమ్మిదేళ్ళుగా ఒక్కరోజు తప్పలేదు. పోయిన ఏడాది ఆయనకు జ్వరం వచ్చిన రోజు కూడా ఫ్లాస్కు బుట్టలో ఉంది. ఆ రోజు ఆస్పత్రిలో తెల్లవారి మూడింటికి మూత తీస్తే, చక్కెర మర్చిపోయాడు. ఆ చప్పటి కాఫీ తాగుతూ నాకు దుఃఖం ఆగలేదు. ఇంటికెళ్ళి ఆయన్ను లేపి చెప్పాను, "నీ కాఫీ వల్లే నేను ఈ ఉద్యోగం చేయగలుగుతున్నాను" అని. ఆయన ఏమీ అనలేదు. కానీ ఆ వారమంతా చక్కెర రెండింతలు పడింది.

మాటగా చెప్పినా ఏమీ పోదండి.

---

రాయలచెరువు కింద
శనివారం, రాత్రి 10:20

మీ పోస్టులన్నీ వరసగా చదివాను. నేను చెప్పాల్సింది మనిషి గురించి కాదు, ఒక ఇంటి గురించి.

2021 నవంబర్ మూడో వారం తిరుపతిలో ఉన్నవాళ్ళెవరూ మర్చిపోరు. ఊళ్ళో వీధులు ఏరులయ్యాయి, స్వర్ణముఖి పొంగింది. మాది రామచంద్రాపురం మండలం. రాయలచెరువు నిండిపోయి, కట్ట నుంచి నీరు ఊరుతోందని, ఏ క్షణమైనా తెగవచ్చని కింది పల్లెలను ఖాళీ చేయించారు. రాత్రిపూట మైకులో చెప్తుంటే ఏది తీసుకోవాలో తెలియలేదు. మా అమ్మ బియ్యం డబ్బా పట్టుకుంది, నేను పాస్‌పుస్తకాలు పట్టుకున్నాను, మా పాప కుక్కపిల్లను పట్టుకుంది.

మిట్ట మీదున్న పక్క ఊళ్ళో మా దూరపు చుట్టం ఒకరున్నారు. చుట్టమంటే, ఏదో పెళ్ళిలో ఒకసారి చూసిన ముఖం. ఆయన ఇంట్లో ఆ రాత్రి పదిహేడు మందిమి పడుకున్నాము. ఆ అక్క తెల్లవారేదాకా పొయ్యి ఆర్పలేదు. సంగటి కెలుకుతూనే ఉంది, వచ్చినవాళ్ళకు వచ్చినట్టు ముద్దలు పెట్టింది. మా కుక్కపిల్లకు కూడా పాలన్నం కలిపింది. మూడు రోజులున్నాము. ఇసుక మూటలు వేసి కట్టను నిలబెట్టారు, చెరువు తెగలేదు, మా ఇల్లు దక్కింది.

తిరిగొచ్చేటప్పుడు మా అమ్మ ఆ అక్క చేతులు పట్టుకుని ఏదో చెప్పబోయింది. ఆ అక్క "రేపు మాకొస్తే మీరు చేయరా, పోండత్తా" అనేసింది.

అప్పటి నుంచి ప్రతి దసరాకు చెనిక్కాయలు పెరికాక మొదటి బస్తా వాళ్ళింటికి పోతుంది. ఈసారి కాయ గట్టిగా ఉంది. నిన్నే దించి వచ్చాను.

---

టొరంటోలో తిరుపతి పిల్ల
శనివారం, రాత్రి 10:45

"ఏదో పెళ్ళిలో ఒకసారి చూసిన ముఖం" అన్న చోట ఆగిపోయాను అన్నా. ఆ అక్కకు నా నమస్కారం చెప్పండి. కుక్కపిల్ల ఎలా ఉంది?

---

రాయలచెరువు కింద
శనివారం, రాత్రి 10:52

పెద్దదైంది. ఆ అక్క మా ఇంటికొస్తే మమ్మల్ని వదిలేసి ఆమె వెనకాలే తిరుగుతుంది.

---

కలం పట్టినవాడు (శ్రీకాళహస్తి)
ఆదివారం, ఉదయం 6:40

మా ఇంట్లో ఆయుధమంటే వెదురు పుల్ల. చివర ఉన్ని గుడ్డ చుట్టి దారంతో బిగిస్తాము, అదే కలం. చేత్తో కొంచెం నొక్కితే రంగు దిగుతుంది, ఎక్కువ నొక్కితే బట్ట పాడవుతుంది. నిన్న పదకొండు కలాలకు బొట్టు పెట్టాము.

కలంకారీలో కలం ఒక్కటే పనిచేయదు. బట్టను ముందు కరక్కాయ, బర్రెపాలలో తడపాలి. పాలలోని కొవ్వు వల్ల రంగు అటూ ఇటూ పాకకుండా గీసినచోటే నిలుస్తుంది. నల్లరంగుకు తుప్పుపట్టిన ఇనుప ముక్కలు, బెల్లం నీళ్ళలో రోజుల తరబడి నానేస్తాము. తర్వాత పారే నీళ్ళలో ఉతకాలి. నిలవనీటిలో ఉతికితే రంగు మరకలు పడుతుంది.

కాబట్టి మా నాయన దసరాకు ఒక పెద్ద చుట్టు తిరిగేవాడు. పాలు పోసే ఆమెకు పొట్లం, పాత ఇనుము ఇచ్చే దుకాణం ఆయనకు పొట్లం, బట్టలు ఉతికిపెట్టే కుటుంబానికి పొట్లం, చివర స్వర్ణముఖి ఒడ్డున ఒక కొబ్బరికాయ. మేము చిన్నపిల్లలం, వెనకాల సంచి మోసేవాళ్ళం. బొమ్మ కింద పేరు మా నాయనదే ఉండేది. దాని వెనక ఎంతమంది ఉన్నారో ఆ సంచి బరువుతో మాకు తెలిసింది.

ఇప్పుడు ఆ చుట్టు నేను తిరుగుతున్నాను. మా అబ్బాయి సంచి మోస్తున్నాడు. నిన్న సగం బొరుగులు దారిలోనే తినేశాడు, అందుకని ఇంకోసారి కొన్నాము.

---

పుత్తూరు కట్టు (నగరి)
ఆదివారం, ఉదయం 8:15

నా పేరు చూసే మీకు అర్థమై ఉంటుంది. తొమ్మిదేళ్ళప్పుడు చింతచెట్టు మీద నుంచి పడి చెయ్యి విరిగింది. మా మామ నన్ను సైకిలు మీద కూర్చోబెట్టుకుని పుత్తూరు దగ్గర కట్టు కట్టేచోటికి తీసుకెళ్ళాడు. ఆకు పసరు, కోడిగుడ్డు సొన పూసి, వెదురు దబ్బలు పెట్టి, గుడ్డ చుట్టి కట్టారు. నేను ఆ దారంతా అరుస్తూనే ఉన్నాను, ఆయన దారంతా కథ చెప్తూనే ఉన్నాడు. కథ అయిపోతుందేమోనని నేను ఏడుపు ఆపి వినేవాణ్ణి.

ఇప్పుడు నాకు మరమగ్గాలున్నాయి. నిన్న వాటికి పూజ చేసి, ఆ చేత్తోనే మామకు పంచె పెట్టాను. ఆయనకు డెబ్బై ఆరు. "ఆ కథ చివర ఏమైంది మామా?" అని అడిగాను. ఆయనకూ గుర్తులేదట. అప్పటికప్పుడు అల్లిందట.

---

వీధి చివర ఇల్లు (భవానీ నగర్)
ఆదివారం, ఉదయం 9:30

అందరూ గుమ్మడికాయ కొట్టారు, మంచిదే. దయచేసి ఒక్క మాట వినండి. రోడ్డు మీద పగిలిన ముక్కలు, చితికిన నిమ్మకాయల మీద బండ్లు జారుతాయి. మర్నాడు చీకటితోనే వాటిని ఎత్తేది మన వీధులు ఊడ్చే అక్కలే. వాళ్ళకూ పండగే కదా.

ఈసారి మా వీధి పిల్లలు దిష్టి తీసిన అరగంట తర్వాత గోనెసంచీ పట్టుకుని ముక్కలన్నీ ఏరేశారు. ఒక బకెట్ నీళ్ళు కొట్టారు. నిన్న తెల్లవారుజామున ఊడ్చే అక్క వచ్చి, చీపురు పట్టుకుని రెండు నిమిషాలు నిలబడిపోయింది. "ఏంది నాయనా, వేరే ఈదికి వచ్చినానా?" అంది. మా ఆవిడ ఆమెను కూర్చోబెట్టి, అందరికన్నా ముందు ఆమెకే ఓళిగలు పెట్టింది, నెయ్యి వేసి. ఆమె తినేదాకా పిల్లలు చుట్టూ కూర్చుని కబుర్లు చెప్పారు.

వచ్చే ఏడాది మీ వీధిలోనూ ఇలా చేయండి. ఒక గోనెసంచీ, ఒక బకెట్ చాలు.

---

సేవకు వెళ్ళొచ్చాను (బంగారుపాళ్యం)
ఆదివారం, ఉదయం 11:00

నేను ఈ బ్రహ్మోత్సవాల్లో శ్రీవారి సేవకు వెళ్ళాను. ఏడు రోజులు తరిగొండ వెంగమాంబ అన్నప్రసాద భవనంలో వడ్డన. కొండ మీద నిత్యాన్నదానం 1985 ఏప్రిల్ 6న మొదలైంది. ఇప్పుడు అది జరిగే భవనానికి స్వామి మీద పద్యాలు రాసిన భక్తురాలు, ఆ తల్లి పేరు పెట్టారు. తరిగొండ మన సీమ పల్లెటూరే. ఆమె పేరు మీద ఇప్పటికీ రాత్రి ఏకాంత సేవలో స్వామికి ముత్యాల హారతి ఇస్తారు.

నేను సాంబారు బకెట్ పట్టుకున్నాను. మొదటి రోజు సాయంత్రానికి భుజం లేవలేదు. వరసలో ఎవరి ముఖమూ చూడకుండా వడ్డించుకుంటూ పోతున్నాను. ఒక పెద్దాయన ఆకు ముందు చెయ్యి అడ్డం పెట్టి ఆపాడు. వద్దంటున్నాడేమో అనుకున్నాను. నా ముఖంలోకి చూసి, "నువ్వు తిన్నావా అమ్మా?" అని అడిగాడు. ఏ ఊరో, ఏ భాషో, మాట కొంచెం యాసగా ఉంది. తిన్నానని అబద్ధం చెప్పాను. ఆయనకు తెలిసిపోయిందనుకుంటా. తిని చెయ్యి కడుక్కున్నాక వెళ్ళిపోకుండా స్తంభం దగ్గర నిలబడ్డాడు. నా వరస అయిపోయి నేను పంక్తిలో కూర్చున్నాకే కదిలాడు.

అక్కా, నేను ఆయనకు బొరుగుల పొట్లం ఎక్కడికి పంపాలి? అందుకని ఇక్కడ రాస్తున్నాను.

---

పాకాల పెద్దమ్మ
ఆదివారం, మధ్యాహ్నం 2:20

రాత్రి డ్యూటీ అమ్మాయీ, నువ్వు రాసింది రాత్రి రెండుసార్లు చదివాను. మనవడు చదివి వినిపించాడు, తర్వాత నేనే కళ్ళద్దాలు పెట్టుకుని చదివాను.

మా ఇంట్లో పదకొండేళ్ళుగా పండగ పూట అందరూ తిన్నాక చివర తినేది మా కోడలు. నేనూ అలాగే తిన్నాను, మా అత్తా అలాగే తినింది. ఈరోజు విస్తర్లు వేశాక ఆమెను పిలిచి, "ముందు నువ్వు కూర్చో, నేను వడ్డిస్తా" అన్నాను. "అయ్యో వద్దత్తా" అని లేచిపోబోయింది. చెయ్యి పట్టి కూర్చోబెట్టాను. పప్పు, వంకాయ కూర, చారు, ఓళిగ, అన్నీ నేనే వేశాను. తలొంచుకుని తినింది. కన్నీళ్ళు చారులో పడుతున్నాయి, "ఉప్పెక్కువవుతుంది, ఏడవద్దు" అన్నాను. నవ్వింది.

థ్యాంక్స్ మాత్రం అనలేదు. ఆ మాట నా నోటికి రాదు.

---

రాత్రి డ్యూటీ (తిరుపతి)
ఆదివారం, మధ్యాహ్నం 2:41

పెద్దమ్మా, మీ కడుపు చల్లగుండ.

---

తెలుగు అయ్యవారు (చంద్రగిరి)
ఆదివారం, మధ్యాహ్నం 3:00

ఆ అమ్మాయికి పూర్తి మార్కులు.

---

టొరంటోలో తిరుపతి పిల్ల
ఆదివారం, సాయంత్రం 5:10

నాన్న ఇప్పుడే ఫోన్ చేశాడు. వాతావరణం గురించి అడిగాడు, మనవడి పళ్ళ గురించి అడిగాడు, కొర్రమీను ధర చెప్పాడు. పెట్టేసే ముందు, "మొన్న నువ్వు అన్నావే, ఆ మాట. నాకూ అంతేనమ్మా" అని కట్ చేసేశాడు.

నేను ఇంకా ఫోన్ పట్టుకునే కూర్చున్నాను.

---

కుట్టుమిషను అక్క (కొర్లగుంట, తిరుపతి)
ఆదివారం, రాత్రి 8:35

ఇన్ని మాటలొస్తాయని అనుకోలేదు. ఘాట్‌రోడ్డు అన్న దగ్గర మొదలుపెట్టి అన్నీ మా చిన్నోడికి చదివి వినిపించాను. వాడికి కుక్కపిల్ల పోస్టు బాగా నచ్చింది. మూడుసార్లు చదివించుకున్నాడు.

ఇందాక తలుపు చప్పుడైతే తీశాను. భాయ్ వాళ్ళావిడ, చేతిలో నా స్టీలు డబ్బా. తోమి, తళతళలాడేలా తుడిచి, గుడ్డలో కట్టి తెచ్చింది. బరువుగా ఉంది. విప్పితే సీతాఫలాలు. ఇరుకు డబ్బాలో ఆరు కుక్కింది, పట్టనివి కొంగులో ఇంకో నాలుగు. "ఇవెందుకు తెచ్చినావు?" అంటే, "ఖాళీ డబ్బా ఎట్లా ఇస్తానక్కా" అంది. వాళ్ళ పుట్టింటి వాళ్ళు తలకోన వైపు నుంచి తెచ్చారట. కూర్చోబెట్టి కాఫీ ఇచ్చాను. గంటసేపు మాట్లాడుకున్నాము. పన్నెండేళ్ళుగా భాయ్ మా ఇంటికి వస్తున్నారు, వాళ్ళావిడకు కుట్టు నేర్చుకోవాలని ఉందని నాకు ఈరోజే తెలిసింది. బుధవారం నుంచి మధ్యాహ్నం పూట వస్తానంది. పాత మిషను ఒకటి అటక మీద ఉంది, రేపు దింపుతాము.

కాయలు మాత్రం ఇంకా గట్టిగా ఉన్నాయి. మా చిన్నోడు ఆగలేకపోతున్నాడు.

---

పాకాల పెద్దమ్మ
ఆదివారం, రాత్రి 8:50

బియ్యం డబ్బాలో పూడ్చిపెట్టు, రెండు రోజుల్లో మెత్తబడతాయి. కన్నులు విచ్చుకున్నవి ముందు పండుతాయి, అవి పైన పెట్టు. ఆ పిల్ల వచ్చే బుధవారానికి సరిపోతాయి.